వాకిట ఆగిన కుక్క

మహాభారతం అనగానే ధర్మరాజు వెంట హిమాలయాల దాకా నడిచిన కుక్క అందరికీ గుర్తొస్తుంది. ఆ గ్రంథం ఆరంభంలోనే దెబ్బలు తిని ఏడ్చిన మరో కుక్కపిల్ల ఉన్న సంగతి మాత్రం చాలామందికి తట్టదు. జనమేజయుడు యాగం చేస్తున్న చోటికి దేవతల కుక్క సరమ కొడుకు సారమేయుడు వస్తే, రాజుగారి తమ్ముళ్లు కొట్టి తరిమారు. ఏడుస్తూ వచ్చిన కొడుకును సరమ వెంటనే అక్కున చేర్చుకోలేదు. నువ్వే ఏదో తప్పు చేసి ఉంటావని ముందుగా గద్దించింది. హవిస్సును తాను నాలుకతో తాకలేదనీ, కనీసం అటువైపు చూడనైనా లేదనీ ఆ పిల్ల చెప్పుకున్నాక, తల్లి స్వయంగా యాగశాలకు వెళ్లి నా బిడ్డ చేసిన తప్పేమిటని అడిగింది. అంత పెద్ద సభలో ఆ ప్రశ్నకు ఒక్కరూ బదులు చెప్పలేదు. అప్పుడు ఆమె నోట నన్నయ పలికించిన కందపద్యం మనలో చాలామందికి బడిలోనే కంఠతా వచ్చింది: "తగునిది తగదని యెదలో వగవక సాధులకుఁ బేదవారల కెగ్గుల్ మొగిఁ జేయు దుర్వినీతుల కగు ననిమిత్తాగమంబు లయిన భయంబుల్."

ఈ పద్యంలో కుక్క అన్న మాట లేదు. సాధువులకు, పేదవారికి కీడు చేసేవాళ్లకు కారణం తెలియని భయాలు వచ్చిపడతాయని మాత్రమే ఉంది. తన బిడ్డకు తగిలిన దెబ్బను చెప్పబోయిన తల్లి నోట పేదవారి ఊసు రావడం యాదృచ్ఛికం కాదని నేను చాలాకాలంగా అనుకుంటున్నాను. మరో సంగతి కూడా ఉంది. జనమేజయుడు అర్జునుడికి మునిమనుమడు. గ్రంథంలో ముందు వచ్చే ఈ కథ కాలక్రమంలో ధర్మరాజు మహాప్రస్థానానికి తర్వాత జరిగింది. కుక్కను వదిలి స్వర్గానికి రానని మొండికేసిన వాడి వంశంలోనే, మూడు తరాలు తిరగకముందే, వాకిట నిలబడిందన్న కారణానికి ఒక కుక్కపిల్లను కొట్టారు.

మనిషికీ పెంపుడు జంతువుకూ ఉన్న బంధం గురించి సాహిత్యం ఏం చెప్పిందని ఎవరైనా అడిగితే, నేను ఈ రెండు కుక్కల దగ్గరే మొదలుపెడతాను. బంధం గురించిన గొప్ప రచనల్లో పాత్రలు ఇద్దరు కారు, ముగ్గురు. మనిషి ఉంటాడు, జంతువు ఉంటుంది, దాన్ని బయటికి పొమ్మనే మూడో మనిషి ఉంటాడు. ఆ మూడోవాడు ఇంద్రుడు కావచ్చు, జమీందారు కావచ్చు, ఇంటి యజమానురాలు కావచ్చు, కొన్నిసార్లు మనిషి రూపం లేని అప్పు కూడా కావచ్చు. ఇద్దరే ఉన్న కథలో మిగిలేది ముద్దూ మురిపెమూ మాత్రమే. మూడోవాడు వచ్చి "నువ్వు రా, అది వద్దు" అన్న క్షణానే ఆ బంధం బరువెంతో తెలుస్తుంది.

మహాప్రస్థానిక పర్వంలో ఇంద్రుడు చేసే వాదన తేలిగ్గా కొట్టిపారేయదగినది కాదు. ద్రౌపది దారిలో పడిపోయింది, తమ్ముళ్లు నలుగురూ పడిపోయారు, వాళ్లను వదిలి నడిచిన వాడివి ఒక కుక్కను వదలడానికి ఎందుకు వెనకాడుతున్నావని ఇంద్రుడు అడుగుతాడు. పదునైన ప్రశ్న అది. చచ్చినవాళ్లతో పొత్తూ ఉండదు, పగా ఉండదు, వాళ్లను బతికించడం నా చేతిలో లేదు కాబట్టి విడిచాను గానీ బతికి ఉండగా విడువలేదని ధర్మరాజు జవాబిస్తాడు. ఆ తర్వాత పాపాలను తూకం వేస్తాడు. శరణన్నవాణ్ణి భయపెట్టడం, స్త్రీని చంపడం, బ్రాహ్మణుడి సొమ్ము దోచుకోవడం, మిత్రద్రోహం చేయడం, ఈ నాలుగూ ఒక ఎత్తయితే నమ్ముకున్నదాన్ని విడిచిపెట్టడం ఒక్కటే వాటికి సాటి అంటాడు.

ఆ కుక్క నిజానికి యమధర్మరాజే కదా, అదొక పరీక్ష కదా, అందులో జంతువు ఎక్కడుందని కొందరు పెదవి విరుస్తారు. ఆ అభ్యంతరాన్ని నేను ఒప్పుకోను. రథం పక్కన నిలబడి మాట్లాడుతున్నప్పుడు ధర్మరాజుకు ఆ రహస్యం తెలియదు. ఆయన కంటికి కనిపించింది హస్తినాపురం నుంచి వెంటవచ్చిన మామూలు కుక్క. అది కుక్కే అన్న నమ్మకంతోనే స్వర్గాన్ని కాదన్నాడు. ఆ నిర్ణయం అయిపోయాకే అసలు రూపం బయటపడింది.

మన భాషలో కుక్క పేరు చెప్పగానే వచ్చే మాట "విశ్వాసం". ఆ మాటంటే నాకు మొదటినుంచీ ఇబ్బందిగానే ఉంది. విశ్వాసంగల జంతువు అని మెచ్చుకుంటూనే "కనకపు సింహాసనమున శునకము గూర్చుండబెట్టి" అని సుమతీ పద్యంలో దాన్ని నీచత్వానికి గురుతుగా నిలబెట్టాం. తిట్టినా పొగిడినా బరువంతా కుక్క మీదే వేశాం. అది మనల్ని ఎంతగా కనిపెట్టుకొని ఉందో కొలిచే కథలు మనకు కోకొల్లలు. మనం దాన్ని ఎంతదాకా కనిపెట్టుకొని ఉంటామని అడిగిన కథలు మాత్రం వేళ్ల మీద లెక్కపెట్టాల్సినన్నే ఉన్నాయి. ధర్మరాజు కథలో కుక్క చేసిందల్లా నడవడమే, పరీక్షకు నిలబడింది మనిషి విశ్వాసం.

ఆ పరీక్షలో మనిషి ఓడిపోయిన కథ కూడా గొప్ప కథే కాగలదని నాకు నేర్పింది రష్యన్ రచయిత తుర్గేనెవ్. గోగోల్ చనిపోయినప్పుడు రాసిన సంతాప వ్యాసం కారణంగా 1852లో ఆయన్ను నిర్బంధించారు. ఆ నిర్బంధంలో రాసిన "ముము" కథ 1854లో అచ్చయింది. అందులో గెరాసిం అనే చెవిటి మూగ దాసుణ్ణి యజమానురాలు పల్లె నుంచి మాస్కోకు రప్పించి ఇంటి వాకిలి కాపలాకు పెడుతుంది. అతను ఇష్టపడ్డ చాకిరీమనిషిని ఆమె ఒక తాగుబోతుకు కట్టబెడుతుంది. ఆ జంటను ఊరు దాటించి తిరిగి వస్తూ గెరాసిం నది ఒడ్డున బురదలో కొట్టుకుంటున్న కుక్కపిల్లను చూసి, తెచ్చి పెంచుకుంటాడు. అతని గొంతు పలకగలిగిన ఒకే ఒక్క చప్పుడు "ముము". అదే ఆ కుక్క పేరయింది. తనను నిమరబోయిన యజమానురాలికి ఆ కుక్క పళ్లు చూపించింది. రాత్రిపూట దాని అరుపులకు ఆమెకు నిద్ర పట్టలేదు. కుక్క ఉండడానికి వీల్లేదని ఆజ్ఞ వెలువడింది.

ఒకసారి అమ్మేస్తే, తెగిన తాడు మెడలో వేలాడుతుండగా అది తిరిగొచ్చింది. మళ్లీ ఆజ్ఞ వచ్చినప్పుడు ఆ పని నేనే చేస్తానని గెరాసిం సైగ చేసి చెప్పాడు. పండగ బట్టలు వేసుకున్నాడు. పూటకూళ్ల అంగడిలో మాంసం వేసిన కాబేజీ చారు అడిగి, అందులో రొట్టె నలిపి దానికి పెట్టాడు. అది తింటుంటే అతని కళ్ల నుంచి రెండు చుక్కలు రాలాయి, ఒకటి దాని నుదుటి మీద, ఒకటి చారులో. పడవ తెడ్డు వేసుకుంటూ ఊరు దాటిపోయాక, రెండు ఇటుకలు కట్టిన తాడు మెడకు బిగిస్తున్నప్పుడు కూడా ఆ కుక్క భయపడకుండా అతని వంక నమ్మకంగా చూస్తూ తోక ఆడించింది. నీళ్లలో పడేటప్పుడు అది పెట్టిన అరుపు గానీ, నీళ్ల చప్పుడు గానీ గెరాసిం వినలేదు. అతనికి వినపడవు కదా. ఆ నిశ్శబ్దాన్ని తుర్గేనెవ్ ఒక్క వాక్యంలో చెప్పి వదిలేశాడు. ఆ వాక్యాన్ని దాటి ముందుకు పోవడానికి నాకు ఇప్పటికీ కొంతసేపు పడుతుంది.

రష్యాలో బడిపిల్లలు ఈ కథ చదువుకుంటారు. ఏ పిల్లవాడైనా అడిగే ప్రశ్న ఒక్కటే. అంత బలమైనవాడు, కుక్కను వెంటబెట్టుకొని పారిపోవచ్చు కదా? నా మటుకు, కథ రాసింది పాఠకుడి చేత ఆ ప్రశ్న అడిగించడానికే. తన చేతులు కూడా యజమానురాలి సొత్తేనని నమ్మినంతకాలం గెరాసిం ఆజ్ఞ మీరలేడు. కుక్కను ముంచేసిన తర్వాత మాత్రం సెలవు అడగకుండా మూటాముల్లె కట్టుకొని తన పల్లెకు నడిచి వెళ్లిపోయాడు, మళ్లీ జన్మలో కుక్కను పెంచుకోలేదు. తుర్గేనెవ్ తల్లి ఇంట్లో ఆంద్రేయ్ అనే మూగ సేవకుడు నిజంగానే ఉండేవాడు, అతని కుక్కకూ ఇదే గతి పట్టింది. అయితే ఆ ఆంద్రేయ్ చివరిదాకా యజమానురాలి కొలువులోనే ఉండిపోయాడు. జీవితంలో జరగని ఆ తిరుగు ప్రయాణాన్ని రచయిత కథలో కలిపాడు. రష్యాలో దాస్యవ్యవస్థ చట్టరీత్యా రద్దయింది 1861లో. కథ అప్పటికి ఏడేళ్ల నాటిది.

హోమరు కావ్యంలో 20 ఏళ్ల తర్వాత ఇల్లు చేరిన ఒడిస్సియస్‌ను ముందుగా గుర్తుపట్టిన ముసలి కుక్క ఆర్గోస్ కథ లోకమంతా తెలిసినదే. అందులో అందరూ కుక్క విశ్వాసాన్ని చూస్తారు. నేను ఒడిస్సియస్ చేతుల్ని చూస్తాను. ఇల్లంతా శత్రువులు నిండి ఉన్నారు, బిచ్చగాడి వేషం బయటపడితే ప్రాణం పోతుంది, కాబట్టి వాకిట పెంటకుప్ప మీద పడి ఉన్న కుక్క దగ్గరికి వంగి ఒక్కసారి నిమరడానికి కూడా అతనికి వీలు లేదు. పక్కనున్నవాడికి కనిపించకుండా కన్నీరు తుడుచుకొని లోపలికి నడిచాడు. అక్కడా మూడోవాడు ఉన్నాడు.

బెంగాలీ రచయిత శరత్‌బాబును తెలుగువాళ్లు తమ రచయితే అనుకునేంతగా చదివారు. చక్రపాణి వంటివాళ్ల అనువాదాలు అందుకు కారణం. ఆయన నవలలు చదివి కన్నీళ్లు పెట్టుకున్న మన పాఠకులు "మహేష్" అనే ఆ చిన్న కథను నవలలంతగా తలుచుకోకపోవడం నాకు బాధగా ఉంటుంది. గఫూర్ పేద నేతగాడు. కూతురు అమీనా, మహేష్ అనే ముసలి ఎద్దు, ఇదే అతని సంసారం. కరువు వచ్చింది, ఊరి పశువులు మేసే బీడును జమీందారు సొమ్ము చేసుకున్నాడు. గోవు పవిత్రత గురించి గఫూర్‌కు ధర్మపన్నాలు చెప్పిన ఊరి బ్రాహ్మణుడు తర్కరత్న, నాలుగు పరకల గడ్డి అప్పుగా అడిగితే ఇవ్వడు. గఫూర్ ఇంటి కప్పు గడ్డి పీకి ఎద్దుకు వేస్తాడు, జ్వరమని అబద్ధమాడి తన అన్నం దానికి పెడతాడు.

నేను డిగ్రీ చదివే రోజుల్లో వేసవి సెలవులకు మా ఊరు వెళ్లినప్పుడు ఈ కథను మా తాతయ్యకు చదివి వినిపించాను. ఆయనకు కథల మీద పెద్దగా మోజు లేదు. అరుగు మీద కూర్చొని తాడు పేనుకుంటూ వింటున్నవాడు, కప్పు గడ్డి పీకిన దగ్గరికి రాగానే చేతులు ఆపి "ఆగరా" అన్నాడు. "ఏ పక్కన పీకాడు?" అని అడిగాడు. కథలో ఆ వివరం ఉందో లేదో నేను వెతుకుతుంటే, ఆయనే మళ్లీ "పడమటి వాలున పీకితే వానకు గోడ నానుద్దిరా, కూలుద్ది" అన్నాడు. చివర్లో దాహంతో పిచ్చెత్తిన మహేష్ అమీనా తెచ్చిన నీళ్లకుండ పడదోసి నేల మీది నీళ్లు తాగడం, కోపం పట్టలేక గఫూర్ నాగలితో దాని తల మీద కొట్టడం, అది చచ్చిపోవడం చదివినప్పుడు ఆయన ఏమీ మాట్లాడలేదు. గఫూర్ అర్ధరాత్రి కూతురి చెయ్యి పట్టుకొని జనపనార మిల్లులో కూలికి బయల్దేరుతూ ఆకాశం వంక చూసి, నన్నెట్లా శిక్షించినా సరే గానీ, నువ్విచ్చిన గడ్డిని, నువ్విచ్చిన నీళ్లను నా మహేష్‌కు అందకుండా చేసినవాళ్లను మాత్రం క్షమించవద్దని అల్లాను వేడుకుంటాడు. అది విన్నాక తాతయ్య "కొట్టింది వాడు కాదులే" అని, మళ్లీ తాడు పేనడం మొదలుపెట్టాడు. ఈ వ్యాసంలో నేను ఇన్ని మాటల్లో చెబుతున్నదాన్ని ఆయన అప్పుడే ఆ ఒక్క ముక్కలో చెప్పేశాడు.

నా వాదనకు లొంగని కథ ఒకటుంది, దాన్ని దాచడం న్యాయం కాదు. చెకోవ్ 1886లో రాసిన ఒక కథలో ఇయోనా అనే బండివాడి కొడుకు చనిపోతాడు. ఎక్కిన ప్రతి మనిషికీ ఆ సంగతి చెప్పుకోబోతాడు, ఎవరూ వినరు. రాత్రి లాయంలో ఎండుగడ్డి నములుతున్న గుర్రానికి అంతా చెప్పుకుంటాడు. అది వింటూ అతని చేతుల మీద ఊపిరి వదులుతుంది. అక్కడ గుర్రాన్ని వదలమన్నవాడు ఎవడూ లేడు. వాకిట నిలిచిపోయింది మనిషే. ఊరంతా తలుపు వేసుకుంటే లాయం ఒక్కటే తెరిచి ఉంది.

మన సంస్కృత కవుల్లో ఈ తలుపును అందరికంటే బాగా చూసినవాడు కాళిదాసు. శాకుంతలం నాలుగో అంకంలో అత్తవారింటికి బయల్దేరిన శకుంతల కొంగును వెనకనుంచి ఏదో లాగుతుంది. దర్భమొన గుచ్చుకొని నోరు పుండైతే గారనూనె రాసి మాన్పావే, చామగింజలు పిడికిళ్లతో పెట్టి పెంచావే, నువ్వు కొడుకులా పెంచిన ఆ జింకే దారి విడవడం లేదని కణ్వుడు చెబుతాడు. ప్రేమ అన్న మాట లేకుండా నూనె, గింజలు, పుండు అన్న మూడు వస్తువులతో ప్రేమనంతా చెప్పిన తీరు అది. తల్లి లేని నిన్ను నేను పెంచాను, ఇక నాన్న చూసుకుంటాడు, వెనక్కి వెళ్లు అని ఆమె ఏడుస్తుంది. ఐదో అంకంలో రాజసభలో ఉంగరం పోయిందని తెలిసిన శకుంతల తన మాటకు సాక్ష్యంగా ఏమి చెప్పిందో గమనించండి. దీర్ఘాపాంగుడనే జింకపిల్ల నీ చేతి నీళ్లు తాగలేదు, నా చేతి నీళ్లు తాగింది, అప్పుడు నువ్వు నవ్వి మీరిద్దరూ అడవివాళ్లే కదా అన్నావు అని గుర్తుచేసింది. రాజు ఆ సాక్ష్యాన్ని ఆడవాళ్ల మాయమాట అని తోసిపుచ్చాడు. జింకను ఆశ్రమం అంచున విడిచి వచ్చిన పిల్లను, జింక మాట ఎత్తినందుకు అపహసించి సభలోంచి బయటికి పంపారు.

జింకపిల్లను సాకి, దాని ధ్యాసలోనే ప్రాణం విడిచి, జింకగా పుట్టిన భరతుడి కథ భాగవతం ఐదో స్కంధంలో ఉంది. మమకారం బంధనమని చెప్పడానికి దాన్ని ఉదాహరిస్తారు. తెలుగులో గంగన రాసిన ఆ స్కంధాన్ని నేను గౌరవంతోనే చదివాను గానీ, సింహగర్జనకు బెదిరి చనిపోయిన తల్లి కడుపులోంచి ఏటిలో జారిపడి కొట్టుకుపోతున్న కూనను చూసి భరతుడు చెయ్యి చాచకుండా జపం సాగించి ఉంటే, ఆ మోక్షం మీద నాకు గౌరవం మిగిలేది కాదు.

ఇక జాషువా. 1941లో వచ్చిన "గబ్బిలం" గురించి రాసేవాళ్లు దాన్ని సందేశకావ్యంగా, అంటరానితనం మీద ధిక్కారంగా చూస్తారు, అది సరైనదే. నేను దాన్ని ఒక మనిషికీ ఒక జీవికీ మధ్య స్నేహంగా కూడా చదువుతాను. మేఘాన్నో, హంసనో దూతగా పంపిన కావ్యాలు మనకు ఉన్నాయి. "నల్దిక్కులు గల్గు లోకమున దిక్కరియున్న" అరుంధతీసుతుడి, అంటే ఆ కావ్యంలోని అంటరానివాడి గుడిసెకు హంస రాదు. అందరూ అపశకునమని తరిమే గబ్బిలమే వస్తుంది. అతను దానికి శివుడి దాకా దారి చెబుతాడు, తన బతుకంతా విప్పుకుంటాడు. గుడిలో తలకిందులుగా వేలాడేటప్పుడు దేవుడి చెవి నీకు దగ్గరగా ఉంటుంది, "పూజారి లేనివేళ" నా కథ విన్నవించు అని వేడుకుంటాడు. మనిషికి మూసిన గుడి తలుపు గబ్బిలానికి మూయలేదు. సరమ పద్యంలో పేదవారల మాట ఎందుకు వచ్చిందో నాకు అర్థమైంది నన్నయ దగ్గర కాదు, జాషువా దగ్గర.

తాతయ్య "కొట్టింది వాడు కాదులే" అనడానికి వెనక ఒక సంగతుంది. నాకు పదేళ్లప్పుడు మా దాపటెద్దు జబ్బు చేసి పోయింది. దానికి వైద్యం చేయించడానికి తెచ్చిన అప్పు మిగిలింది. వలపటెద్దు మైలోడు ఒంటరిదయింది. జత కొనడానికి డబ్బు లేదు, ఒంటెద్దుతో కాడి సాగదు, అప్పిచ్చినవాడు ఆగడు. సంతకు నేనూ వెళ్లాను. బేరగాడు తాతయ్య చేతి మీద తుండుగుడ్డ కప్పి, దాని కింద వేళ్లు పట్టుకొని ధర మాట్లాడాడు. ఎంతకు అమ్ముడుపోయిందో ఆ గుడ్డ కిందే ఉండిపోయింది, ఇంటికొచ్చాక కూడా ఆయన నాకు చెప్పలేదు. ధర కుదిరాక మైలోడి మెడలోని పలుపు తాతయ్య తనే విప్పాడు. కొన్నవాడు తెచ్చుకున్న కొత్త తాడు బిగించి తీసుకుపోతుంటే, అది నాలుగు అడుగులు వేసి ఆగి మెడ తిప్పి చూసింది. తాతయ్య అప్పటికే పలుపు భుజాన వేసుకొని ఇటు తిరిగి నడుస్తున్నాడు. వెనక్కి చూడమని నేను చొక్కా పట్టుకొని లాగినా చూడలేదు. అప్పుడు కోపం వచ్చింది గానీ, ఎందుకు చూడలేదో ఆర్గోస్ కథ చదివినప్పుడు తెలిసింది.

మైలోడి తెల్ల వెంట్రుకలు అంటుకున్న ఆ పలుపును ఇంట్లో చిలకకొయ్యకు తగిలించాడు. సంక్రాంతి వచ్చింది. కనుమ నాడు ఊళ్లో అందరూ ఎడ్లను కడిగి, కొమ్ములకు రంగులు వేస్తున్నారు. మా కొట్టంలో కుడితి తొట్టి ఎండిపోయి ఉంది. నాయనమ్మ పొద్దున్నే కొట్టం ఊడ్చి, కళ్లాపి చల్లి, ముగ్గు వేసి, ఖాళీ గుంజకు పసుపు రాసి మూడు బొట్లు పెట్టింది. తాతయ్య వచ్చి కాసేపు దాని వంక చూస్తూ నిలబడ్డాడు. తర్వాత లోపలికి వెళ్లి చిలకకొయ్య మీది పలుపు తెచ్చి, ఎద్దును కట్టేటప్పుడు వేసే ముడే వేసి, ఆ గుంజకు కట్టాడు.